రాసినవాడే నటిస్తే

కూతురు పోయింది. బ్యాంజోతో వేదికెక్కిన డీడియే పాటల మధ్యలో ఉన్నట్టుండి ప్రేక్షకుల మీద గొంతెత్తుతాడు. మతం పేరు చెప్పి మూలకణాల పరిశోధనకు అడ్డుపడేవాళ్లను ఏకిపారేస్తాడు. పాటలు వినడానికి వచ్చిన జనం నిర్ఘాంతపోతారు. ఆయన వాదనలో పస ఉంది. కానీ పక్కనే నిలబడ్డ భార్య దుఃఖం ఆయన కంటికి ఆనదు. 2012లో వచ్చిన ‘ద బ్రోకెన్ సర్కిల్ బ్రేక్‌డౌన్’లోని సన్నివేశమిది. డీడియేగా నటించిన యోహాన్ హెల్డెన్‌బెర్గే, మీకె డాబెల్స్‌తో కలిసి దీనికి మూలమైన నాటకం రాశాడు.

నటనతోపాటు రచన కూడా చేసేవారిని బహుముఖ ప్రజ్ఞాశాలి అని మెచ్చుకుని వదిలేయడం మామూలే. రచన ఆ నటనకు ఏం చేసిందన్నది అసలు ప్రశ్న. నటుడు తన కోసం పాత్ర రాసుకుంటే చప్పట్లు కొట్టించే మాటలన్నీ తనకే పెట్టుకునే ప్రమాదం ఉంది. హెల్డెన్‌బెర్గ్ రాసుకున్నది తర్కంలో గెలిచి, ఇంట్లో ఓడిపోయే మనిషిని.

అదే సినిమాలో మరో ఘట్టం చూడండి. ఇంటి అద్దాలకు గుద్దుకుని ఓ పిట్ట చచ్చిపోతుంది. దాన్ని చేతుల్లో పెట్టుకుని క్యాన్సర్‌తో బాధపడుతున్న పాప తండ్రి వైపు చూస్తుంది. చచ్చాక ఇంకేమీ ఉండదన్నది డీడియే నమ్మకం. కానీ పాప ముఖం చూస్తూ ఆ మాట అనడానికి నోరు రాదు, అబద్ధం చెప్పడానికీ మనసొప్పదు. ఆ తడబాటులో హెల్డెన్‌బెర్గ్ నటన ఆవేశపు ప్రసంగంలో కన్నా ఎత్తుకు వెళ్లింది.

1967లో బెల్జియంలోని ఆంట్‌వెర్ప్ దగ్గర విల్‌రైక్‌లో పుట్టిన ఆయన స్టూడియో హెర్మన్ టైర్లింక్‌లో నటన నేర్చుకున్నాడు. గెంట్ నగరంలో అర్నె సీరెన్స్‌తో కలిసి ‘కంపనీ సిసిలియా’ నాటక బృందంలో పనిచేశాడు. ఈ నగరాలున్న ఫ్లాండర్స్ ప్రాంత జనాభా 70 లక్షలకు లోపే. అంత చిన్న మార్కెట్‌లో ఒకే పనిని నమ్ముకుని బతకడం కష్టం. అందుకే అక్కడ రంగస్థలానికీ తెరకూ మధ్య రాకపోకలు ఎక్కువ. ‘బ్రోకెన్ సర్కిల్’ కథ తెరకెక్కిందీ ఆ దారిలోనే.

అయితే ఆ సినిమా ఘనత ఆయన ఒక్కడిదే అనలేం. స్క్రీన్‌ప్లే రాసింది కార్ల్ యోస్, దర్శకుడు ఫెలిక్స్ వాన్ గ్రూనింగెన్ కలిసి. కాలక్రమాన్ని ముక్కలు చేసి కథ చెప్పిన తీరు వాళ్లది. డీడియే భార్య ఎలీజ్‌గా చేసిన వేర్లే బాటెన్స్‌కు యూరోపియన్ ఫిల్మ్ అవార్డు దక్కింది. సినిమా ఫ్రాన్స్‌లో సెజార్ గెలిచి, 2014లో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది.

ఓడిన మగాళ్లు ఆయనకు కొత్త కాదు. 2008 నాటి ‘మాస్కో, బెల్జియం’లో వయసులో చిన్నదైన అమ్మాయి కోసం ఇల్లొదిలి, మళ్లీ భార్య గుమ్మం చుట్టూ తిరిగే భర్త. మరుసటి ఏడాది ‘ద మిస్‌ఫార్చునేట్స్’లో తాగుబోతు అన్నదమ్ముల్లో ఒకడు. 2011లో ‘షెల్లెబెల్లె 1919’కు సహదర్శకత్వమూ వహించాడు.

తరువాత బయటి సినిమాలు పిలిచాయి. 2017లో ‘ద జూకీపర్స్ వైఫ్’లో యూదులకు ఆశ్రయమిచ్చిన వార్సా జూ డైరెక్టర్ యాన్ జబిన్‌స్కీగా, జెస్సికా చాస్టెయిన్ సరసన నటించాడు. నిండైన మంచివాడి పాత్ర అది. ఆయన నటన నిబ్బరంగానే ఉన్నా పెనుగులాటకు చోటు తక్కువ. మూడేళ్ల తర్వాత యాస్మిలా జ్బానిచ్ తీసిన ‘కువో వాడిస్, ఐదా?’లో ఆ చోటు దొరికింది. 1995లో 8,000 మందికి పైగా ఊచకోతకు గురైన బోస్నియా పట్టణం స్రెబ్రెనిత్సాలో డచ్ శాంతిదళాల కమాండర్ కారెమన్స్ పాత్ర అది. సెర్బు బలగాలపై వైమానిక దాడులు జరుగుతాయని జనానికి మాటిస్తాడు, అవి జరగవు. సాయం కోసం ఫోన్లో మొత్తుకున్నా ఫలితం ఉండదు. హెల్డెన్‌బెర్గ్ కారెమన్స్‌ను విలన్‌గా చూపలేదు, జాలిపడి వెనకేసుకురానూ లేదు. ఆ పాత్రలో ఒక్క మాటా ఆయన రాసింది కాదు. అయినా డీడియేను రాసిన చేయి ఎవరిదో కారెమన్స్‌ను చూస్తే తెలుస్తుంది.