బస్సు వేళ ఎవరి సొత్తు?

కోవిల్‌పట్టి, ఎట్టయపురం, విళాత్తికుళం చుట్టుపట్ల నల్లరేగడి పల్లెల్లో, వాటిలో మన తెలుగువాళ్ళ ఊళ్ళు కూడా ఉన్నాయి, బడికి వెళ్ళే పిల్లకైనా సంతకు వెళ్ళే రైతుకైనా బస్సే దిక్కు. తమిళనాడులో ఇలాంటి దారుల మీద బండ్లు తిప్పే యజమానులు ఐదు నిమిషాల తేడా కోసం హైకోర్టు దాకా వెళ్తారు. బయటివాళ్ళకు ఇది పంతంలా కనిపిస్తుంది గానీ దాని వెనక లెక్క ఉంది. బస్సు కలెక్షన్ ముందు బండి వెళ్ళి ఎంతసేపయిందన్న దాన్ని బట్టి ఉంటుంది. విళాత్తికుళం స్టాండులో 8.10కి ఒక బండి, 8.15కి ఇంకొకటి ఉన్నాయనుకుందాం. రెండోదాని టైమింగ్ 8.07కి జరిగితే, దారి పొడుగునా స్టాపుల్లో నిలబడ్డ జనాన్ని అదే ఎక్కించుకుపోతుంది. 8.10 బండికి మిగిలేది ఖాళీ సీట్లు, డీజిల్ ఖర్చు. ఆ నష్టం నిజమైనదే. అయితే ఇలాంటి వ్యాజ్యాల్లో ఆ స్టాపుల్లో నిలబడ్డవాళ్ళ మాట ఎక్కడుంది?

1939 మోటారు వాహనాల చట్టంలోని 47వ సెక్షన్ కింద, పర్మిట్ ఇచ్చేముందు పాత ఆపరేటర్ల అభ్యంతరాలతో పాటు స్థానిక సంస్థల మాట కూడా పరిగణించాల్సి ఉండేది. 1988 చట్టం ఆ పద్ధతిని తీసేసింది. పాతవాళ్ళు పోటీని అడ్డుకోవడానికి వీల్లేదని మిథిలేశ్ గర్గ్ కేసులో సుప్రీంకోర్టు 1991లో తేల్చింది. గుత్తాధిపత్యం పోవడం మంచిదే. కానీ పర్మిట్‌ను ఆపే దారి మూసుకుపోయాక పోరు టైమింగ్ మీదికి మళ్ళింది. ఆ పోరులో ఆపరేటర్లు నిలబడగలిగారు, పంచాయతీలు నిలబడలేకపోయాయి. ఆపరేటర్‌కు లాయరున్నాడు, చెన్నైలో రవాణా అప్పీలు ట్రిబ్యునల్ ఉంది, హైకోర్టు మదురై బెంచ్ ఉంది. తొమ్మిది గంటల బడికి అందే బస్సు పోయిన ఊరికి ఏముంది? కృష్ణా జిల్లా బస్సుల జాతీయీకరణపై గుల్లపల్లి నాగేశ్వరరావు కేసులో, అభ్యంతరాలు విన్నది ఒకరు, నిర్ణయించింది మరొకరు అన్న కారణంతో సుప్రీంకోర్టు ఆ పథకాన్ని కొట్టేసింది. వినడానికి అంత విలువ ఇచ్చిన న్యాయం ప్రయాణికుణ్ణి అసలు పిలవకపోవడం సబబు కాదు.

అప్పు చేసి బండి కొని, పన్ను కట్టి ఏళ్ళ తరబడి నడిపినవాడి పొట్ట కొడతారా అని యజమానులు అడుగుతారు. రెండు బండ్ల మధ్య ఎడం ఉండాల్సిందే. ఎడం లేకపోతే డ్రైవర్లు ఒకరినొకరు తరుముకుంటారు, చేయెత్తిన ముసలమ్మను వదిలేసి పోతారు. కాబట్టి ఆ ఎడాన్ని ప్రయాణికుడి భద్రత కోసం కాపాడాలి, అది వారసత్వపు ఆస్తి కాకూడదు. టైమింగులే వద్దు, పోటీకి వదిలేయండి అనేవాళ్ళూ ఉన్నారు. వదిలేస్తే బండ్లన్నీ పొద్దున, సాయంత్రం రద్దీకే చేరతాయి, మిట్టమధ్యాహ్నం ఆసుపత్రి నుంచి తిరిగొచ్చేవాళ్ళను పట్టించుకునేవాడుండడు. ఊళ్ళను కూడా పిలిస్తే కేసులు ఇంకా సాగుతాయన్న భయానికి ఒక మార్గం ఉంది. ఆపరేటర్ల అర్జీలను విడివిడిగా వినడం మాని, ఏడాదికోసారి దారి మొత్తానికి ఒకే విచారణ పెట్టాలి. బండి ఎక్కడుందో చెప్పే పరికరం 2019 జనవరి 1 నుంచి కొత్త బస్సులకు తప్పనిసరి. ఏ బండి ఏ స్టాపుకు నిజంగా ఎన్నింటికి వచ్చిందో ఆ రికార్డు చెబుతుంది, ప్రమాణపత్రాల మీద వాదించుకోనక్కర్లేదు.

ఆమోదించిన టైమ్‌టేబుల్‌ను బండిలోనూ స్టాండులోనూ పెట్టాలని షరతు విధించే అధికారం 1988 చట్టంలోని 72వ సెక్షన్ కింద ఇప్పటికే ఉంది. తూత్తుకుడి, విరుదునగర్ జిల్లాల రవాణా అథారిటీలు ఆ షరతును గట్టిగా అమలు చేయాలి. టైమింగ్ విచారణ నోటీసును యజమానులతో పాటు ఆ దారిలోని ప్రతి పంచాయతీకి, బడికి, ప్రభుత్వాసుపత్రికి పంపాలి. పంచాయతీలు కూడా నోటీసు వచ్చేదాకా ఆగకుండా, తమ ఊరికి ఏ వేళకు బస్సు కావాలో గ్రామసభలో తీర్మానం చేసి ఇప్పుడే పంపాలి.