పాడె పట్టువారెవ్వరు? — ‘సంస్కార’పై ఆక్షేపములకు సమాధానము

1970లో వచ్చిన ‘సంస్కార’ అను కన్నడ చలనచిత్రమును గూర్చి మనలో కొందరు పెద్దలు నేటికిని రెండు ఆక్షేపణలు చేయుచుందురు. అది మతదూషణమని ఒకటి, అశ్లీలమని రెండవది. ఈ రెండును నిలువజాలవని నా వాదము.

కథ యెట్టిది? ఒక మాధ్వ అగ్రహారమున నారణప్ప మరణించెను. అతడు మద్యమాంసములు సేవించినవాడు, చంద్రి యను అన్యకులజతో కాపురము చేసినవాడు. బ్రతికియుండగా అతనిని వెలివేయలేదు. మరి చచ్చిన పిదప దహనము చేయుట యెవరి విధి? శవము లేచువరకు ఎవ్వరును అన్నము ముట్టరాదు. చంద్రి తన నగలు తెచ్చి ముందుంచగానే, అంతవరకు వెనుదీసినవారి మనస్సులు చలించెను! పండితుడగు ప్రాణేశాచార్యుడు గ్రంథములు తిరుగవేసియు, మారుతి కోవెలలో నిరీక్షించియు, సమాధానము పొందలేదు. ఆ రాత్రి అడవిలో చంద్రితో కలిసెను. ఊరిలో ఎలుకలు చచ్చుచుండెను. తుదకు దహనము జరిపించినది చంద్రియే.

మతదూషణమందురు. శవమును కుళ్ళనిచ్చినది అగ్రహారమా, దర్శకుడా? ఆచార్యుని పతనమును చూపుటలో హేళన లేదు. ధర్మమును తేలికగా నెంచువాడు ఇట్టి ప్రశ్న వేయనే వేయడు.

అశ్లీలమందురు. గంతులతో నిండిన చిత్రములకు పిల్లలను వెంటబెట్టుకొని పోవువారే ఈ మాట యనుట వింత. ఇది పసివారి చిత్రము కాదనుట నిజమే. మనస్సును కలచుననుటయు నిజమే. కలచుట దోషమైనచో కరుణరసమునకు చోటెక్కడ?

మద్రాసు సెన్సారువారు దీనిని తొలుత నిషేధించిరి. పిమ్మట ఆ నిషేధము తొలగెను. జాతీయోత్తమ చిత్ర పురస్కారమును వచ్చెను. మూలము యు.ఆర్. అనంతమూర్తి నవల. చిత్రానువాదము గావించి ఆచార్యుడుగా నటించినవాడు గిరీశ్ కర్నాడ్. దర్శకుడు మాత్రము మనవాడే: నెల్లూరివాడు, 1939లో ‘ఫిడేలు రాగాల డజన్’ వెలువరించిన కవి పట్టాభిరామరెడ్డి. చంద్రిగా నటించినది ఆయన అర్ధాంగి స్నేహలత. కవిని మనవాడని చెప్పుకొని, ఆయన చిత్రమును పరాయిదనుట న్యాయమా?

పరభాషాప్రాంతమున తరతరములుగా నున్న మనము, భాష సడలినకొలది ఆచారమును మరింత గట్టిగా పట్టుకొంటిమి. కావుననే ఈ చిత్రము మనకు ఎక్కువగా తగులును. కులము వెలుపల పెండ్లాడెననియో, నియమము తప్పెననియో మనము దూరము పెట్టిన సోదరుడు రేపు కన్నుమూసినచో, మనము శాస్త్రము వెదకుచు కూర్చుందుమా, పోయి పాడె పట్టుదుమా? ఈ ప్రశ్నకు ఇంటింట జవాబు చెప్పుకొనిన పిదపనే ‘సంస్కార’ను నిందింతుము గాక!