దఫ్తరం విప్పి కూర్చుంటాం

మేము కర్నూలు, కడప జిల్లాల్లో సర్కారు కొలువు చేస్తున్నవాళ్లం, చేసి విరమించినవాళ్లం. మాలో వీఆర్వోలున్నారు, పంచాయతీ కార్యదర్శులున్నారు, సర్వేయర్లు, ఏఎన్‌ఎంలు, వ్యవసాయ సహాయకులు, రిటైరైన తాసీల్దార్లు ఉన్నారు. జీతాల కోసమో బదిలీల కోసమో కలిసినవాళ్లం కాదు. మాకు పేరు లేదు, జెండా లేదు. ఉన్నది ఒక్క నిర్ణయం. ఒక ఊరి గురించి సర్కారు దగ్గరున్న కాగితాన్ని ఆ ఊళ్లోనే, ఆ ఊరివాళ్ల ముందరే విప్పి చదువుతాం. తప్పుంటే అక్కడే రాసుకుంటాం. దిద్దే అధికారం మాకు లేకపోతే ఎవరికుందో చెప్పి, జవాబు వచ్చేదాకా ఆ తిరుగుడు మేమే తిరుగుతాం.

చూడ్డానికి ఇది చిన్న మాటే. ఈ సీమలో కాగితం ఏమేం చేసిందో ఎరిగినవాళ్లకు చిన్నది కాదు.

వెనకటికి కరణం ఇంట్లో గుడ్డలో మూటగట్టిన దఫ్తరం ఉండేది. ఏ సర్వే నంబరు ఎవరిది, వంక పోరంబోకు ఎవరి చేనులో కలిసిపోయింది, ఎవరికి శిస్తు తగ్గింది, అన్నీ ఆ మూటలోనే. రైతు దాన్ని చూసేవాడు, చదవలేకపోయేవాడు. 1800లో నిజాం దత్తమండలాలను కుంపిణీకి అప్పగించాక థామస్ మన్రో వచ్చి ఏడేళ్లు గుడారాల్లో తిరుగుతూ రైతువారీ పద్ధతి స్థిరపరిచాడు. ఆయన వచ్చింది పన్ను వసూలుకే. ఆ సంగతి మరిచిపోయి దండలు వేయడం మా పని కాదు. కానీ ఒకటి చెప్పుకోవాలి. ఊరూరూ తిరిగి చూసినాక ఈ మెట్టనేలలు ఇంత శిస్తు మోయలేవని ఆయనకు తెలిసింది. పావు వంతు తగ్గించమని 1807లో పైకి రాశాడు. పైవాళ్లు వినలేదు. మద్రాసు గవర్నరై తిరిగొచ్చినాక ఆ తగ్గింపును తనే అమలులోకి తెచ్చాడు. 1827 జులై 6న పత్తికొండలో కలరాతో పోయాడు. అక్కడ ఆయన పేరున బావి తవ్వించి తోపు వేయించారు. మాకు ఇందులో నచ్చిన భాగం ఒక్కటే. కింద విన్నమాటను ఆయన పైకి మోసుకుపోయాడు. పైవాళ్లు కాదన్నాక కూడా దాన్ని వదిలిపెట్టలేదు.

కడపకు 1820లో ఉద్యోగానికి వచ్చిన సి.పి. బ్రౌన్ తన ముందు నిలబడ్డ మనిషి భాష నేర్చుకున్నాడు. ఆయన బంగళా ఉన్నచోట ఈనాడు గ్రంథాలయం ఉంది. పరాయి దేశం నుంచి వచ్చినవాడు అంత చేస్తే, ఈ నేల మీద పుట్టిన మేము మాత్రం ‘మీ దరఖాస్తు పరిశీలనలో ఉన్నది’ అని ఎవరికీ అర్థంకాని తెలుగులో జవాబులు రాశాం.

1984 జనవరిలో ఎన్.టి. రామారావు ప్రభుత్వం కరణాలు, మునసబుల వంశపారంపర్యపు కొలువులు రద్దు చేసింది. మరుసటేడు మండలాలు వచ్చాయి. ఊళ్లు సంబరపడ్డాయి, అందుకు కారణమూ ఉంది. కాని దఫ్తరం కరణం ఇంటి నుంచి మండలాఫీసు బీరువాలోకి పోయింది, అక్కడి నుంచి కంప్యూటరులోకి పోయింది. అడంగల్‌లో పేరెందుకు మారిందని అడిగితే ఒకప్పుడు కరణం ‘మూటలో అట్లనే ఉంది’ అనేవాడు. ఇప్పుడు మేము ‘ఆన్‌లైన్‌లో అట్లనే చూపిస్తుంది’ అంటున్నాం. రికార్డులో పేరుండాల్సినచోట చుక్కలు పడిన ‘చుక్కల భూమి’ రైతుకు ఈ రెండు జవాబుల మధ్య తేడా ఏమీ లేదు.

ఇంతకన్నా బరువైన సంగతి ఒకటుంది. 1981లో శ్రీశైలం జలాశయం కోసం కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో వంద దాకా ఊళ్లు ఖాళీ చేయించారు. ఇండ్లు పడగొట్టించింది మాలాంటి ఉద్యోగులే. ఆ జనానికి ఎంత నష్టపరిహారం రాశారో, ఏ లెక్కన రాశారో ఊళ్లో నిలబడి చదివి వినిపించి ఉంటే, తర్వాత ఇన్నేళ్లు వాళ్లు ఆఫీసుల చుట్టూ తిరిగేవాళ్లు కాదు. ఇంటికొక కొలువు అన్న 98వ నంబరు జీవో 1986లో వచ్చింది. దానికోసం అర్జీలు పట్టుకు తిరుగుతూ ముసలైపోయినవాళ్లను మాలో చాలామందిమి ఎరుగుదుం. ఎండాకాలం నీళ్లు దిగి సంగమేశ్వరం గుడి బయటపడినప్పుడు, తమ ఊరి ఆనవాళ్లు చూసుకోవడానికి పోయేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. వాళ్లకు మేము జవాబు బాకీ ఉన్నాం.

ఈమధ్య సర్కారు ఇంటిముందరికే వచ్చింది. 2019లో యాభై ఇండ్లకొక వాలంటీరు, అక్టోబరు 2 నుంచి ఊరూరా సచివాలయం. 2024 జులై నుంచి పింఛను సచివాలయ ఉద్యోగులే ఇంటికి తీసుకుపోయి ఇస్తున్నారు. ఒకటో తారీకు పొద్దున్నే అవ్వ చేతిలో డబ్బులు పెట్టి, ఆమె ముఖం చూసినవాళ్లం మేము. ఆ పని మంచిదే, వద్దనేవాళ్లం కాము. అయితే గడప దగ్గర ఇచ్చేటప్పుడు మనిషి ఒంటరి. తీసుకుంటాడు, దండం పెడతాడు, మరొకటి అడగడు. పక్కింటామెకు ఎందుకు రాలేదో ఆ గడప దగ్గర ఎవరూ అడగరు. రచ్చకట్ట మీద అడుగుతారు. సర్కారు గడపగడపకూ రావడం ఎంత అవసరమో, ఊరంతా ఒకచోట కూర్చుని లెక్క అడగడం అంతకన్నా అవసరమని మా నమ్మకం. ఈ పాతికేళ్లలో మొదటిది పెరిగింది, రెండోది సన్నగిల్లింది.

సన్నగిల్లడంలో మా చేతులు కూడా ఉన్నాయి. కోసిగి, మంత్రాలయం, ఆదోని పక్క పల్లెలు పంటలు పోయిన ఏడు సుగ్గికి పోతాయి. గుంటూరు మిరప కోతలకు, పత్తి తీయడానికి, బెంగుళూరు కట్టడాల పనులకు. ఇండ్లకు తాళాలు పడతాయి. ముసలివాళ్లు, కొందరు బడిపిల్లలు మిగులుతారు. అట్లాంటి నెలల్లో, అదీ పగలు పదకొండు గంటలకు, గ్రామసభ పెట్టి, కనబడినవాళ్లతో సంతకాలు చేయించి ‘సభ ఆమోదించింది’ అని రాశాం. ఇంకమీదట అట్లా రాయం. ఊరు ఊళ్లో ఉన్నప్పుడు, పొద్దు గూకినాక, చేను నుంచి వచ్చి కాళ్లు కడుక్కున్నాక సభ. మాల మాదిగ వాడలో ఒకమారు, తండాలో ఒకమారు, రచ్చకట్ట దగ్గర ఒకమారు. ఎప్పుడూ రచ్చకట్ట దగ్గరే పెడితే ఎవరు నిలబడి వింటారో, ఎవరు కూర్చుని మాట్లాడతారో మాకు తెలుసు. పశ్చిమాన కన్నడం మాట్లాడే ఊళ్లో కన్నడంలో, ఉర్దూ ఇండ్లలో ఉర్దూలో చెప్పిస్తాం. నల్లమల చెంచు గూడెంలో వాళ్లు మాట్లాడిన తర్వాతే మేము మాట్లాడతాం.

ఇది జరిగే పనేనా అని అడిగేవాళ్లకు, మన దగ్గరే జరిగిందని చెప్తున్నాం. 2006 ఫిబ్రవరి 2న ఉపాధి హామీ పథకం పక్కనే ఉన్న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో మొదలైంది. ఆ పథకపు చట్టంలోనే సామాజిక తనిఖీ పెట్టారు. మన రాష్ట్రం దాన్ని తొలినాళ్ల నుంచే పట్టుదలగా నడిపింది. మస్టరులో ఉన్న పేర్లు సభలో ఒక్కొక్కటే చదువుతుంటే, పనికి రాని మనిషి పేరున కూలి పడిందని కూలివాళ్లే లేచి చెప్పారు. రాజస్థాన్‌లో 1990లలో కూలీలు పట్టుబట్టి సాధించిన పద్ధతి ఇది. ఓర్వకల్లు పొదుపు సంఘాల ఆడవాళ్లు ఏనాటి నుంచో తమ లెక్క తామే చదువుకుంటున్నారు. వాళ్ల దగ్గర నేర్చుకోవడానికి మాకు నామోషీ లేదు.

మరీ గుర్తు పెట్టుకోవలసింది నీళ్ల లెక్క. 2000 తర్వాతి సంవత్సరాల్లో, ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ తోడ్పాటుతో ఏడు కరువు జిల్లాల్లో రైతులే తమ బోరుబావుల నీటిమట్టం కొలిచారు. వాటిలో కర్నూలు, కడప ఉన్నాయి. ఎంత వాన పడింది, నేలలోకి ఎంత ఇంకింది, ఇప్పుడు అనుకున్న పంటలన్నీ వేస్తే ఎంత కావాలి, ఈ అంకెలు ఊరిగోడ మీద రాశారు. రబీకి ముందు అందరూ కూర్చుని ఆ లెక్క చూశారు. ‘నువ్వు వరి పెట్టొద్దు’ అని ఏ అధికారీ శాసించలేదు. అయినా చాలాచోట్ల వరి తగ్గించి తక్కువ నీటి పైర్లు వేసుకున్నారు. కొలిచింది వాళ్లే కాబట్టి నమ్మారు. భూగర్భజల ఆఫీసులో అంతకుముందూ అంకెలున్నాయి. వెయ్యి అడుగుల బోరు వేసి అప్పులపాలైన రైతుకు ఆ అంకె ఏనాడూ అందలేదు.

అందని కాగితం ప్రాణాలు తీస్తుందని మేము ఊరికే అనడం లేదు. 2021 నవంబరు 19 తెల్లవారుజామున చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగింది. పులపుత్తూరు, మందపల్లె, తొగూరుపేట ఊళ్ల మీద నీళ్లు పడ్డాయి. అయిదు గేట్లలో ఒకటి తెరుచుకోలేదు. ఏ గేటు పనిచేస్తుందో, ఏది చేయదో దిగువ ఊళ్లకు ముందే తెలిసి ఉండాల్సింది. అందుకే మాలో ఇరిగేషన్ శాఖలో పని చేసేవాళ్లు మాట ఇస్తున్నారు: ప్రతి తొలకరికి ముందు తమ చేతికింది చెరువు, తూము, గేటు ఏ స్థితిలో ఉందో దిగువ ఊళ్లో చాటింపు వేయించి చెప్తారు. మరమ్మతుకు డబ్బులు రాకపోతే, రాలేదని కూడా చెప్తారు.

అర్జీ విషయంలో మా మాట ఇది. సోమవారం నాడు ఇచ్చిన అర్జీ కింద ‘పరిష్కరించడమైనది’ అని మేమే రాసుకోము. అర్జీ ఇచ్చిన మనిషి ‘అయింది’ అన్నాకే మూస్తాం. మాలో ఒకరు తన తొలి ఏళ్లలో వేలిముద్ర పడని ఒక అవ్వ అర్జీని, ఇంటికి పోకుండానే, పరిష్కారమైనట్టు మూసేశారు. గడువు దాటితే పైనుంచి మెమో వస్తుందన్న భయంతో చేసిన పని. నెల తర్వాత ఆమె సంతలో ఎదురుపడి ‘సామీ, ఇంగా రాలేదే’ అన్నది. కోపంగా కూడా అనలేదు. ఈ ప్రణాళిక రాయాలని మొదట అడిగింది ఆ ఉద్యోగే.

మేము దేనికీ ఎదురు తిరగడం లేదు. ఇవన్నీ చట్టంలో ఉన్నవే. ప్రభుత్వ కాగితం చూసే హక్కును స్వీడన్ 1766లోనే చట్టం చేసింది. మనకు 2005లో వచ్చింది. అడక్కముందే చెప్పవలసిన సంగతులేవో ఆ సమాచార హక్కు చట్టం నాలుగో సెక్షన్‌లో ఉన్నాయి. 1994 పంచాయతీరాజ్ చట్టంలో గ్రామసభ ఉంది. 2024 ఆగస్టు 23న రాష్ట్రంలోని 13,326 పంచాయతీల్లో ఒకేరోజు సభలు పెట్టగలిగాం. ఒకరోజు పెట్టగలిగినవాళ్లం ప్రతి మూడు నెలలకొకసారి పెట్టలేమా? ఒక ఊరి మనిషి పార్టీ ఏదో చూసి కాగితం చదవమని ఎవరు చెప్పినా మేము చదవం. కాగితం దాచమన్నా దాచం. మాలో ఒకరికి ఇందుకు బదిలీ వస్తే, ఆ కుర్చీలోకి వచ్చినవారి దగ్గరికి మిగిలినవాళ్లం పోయి, ఏ ఊళ్లో ఏ జవాబు బాకీ ఉందో చూపించి వస్తాం.

ఊళ్లవాళ్లనూ ఒకటి అడుగుతున్నాం. మేము చదివేటప్పుడు మొహమాటపడి ఊరుకోవద్దు. తప్పు చదివితే సర్వే నంబరుతో సహా చెప్పండి. మీ చేను గట్టు మాకన్నా మీకే బాగా తెలుసు.

ఉగాదికి సుగ్గి నుంచి జనం తిరిగొస్తారు. పండుగ దాటిన మొదటి శనివారం పొద్దు గూకినాక, మాలో ప్రతి ఒక్కరం మా మా ఊళ్లలో అడంగల్, పింఛను జాబితా, ఉపాధి మస్టరు, చెరువు మరమ్మతు లెక్క పట్టుకుని కూర్చుంటాం. చాప మేమే తెచ్చుకుంటాం.