బాతుగుడ్డు ఖాళీ కాదు

క్రికెట్ మైదానంలోకి బాతు ఎలా వచ్చింది? పరుగులేమీ చేయకుండా ఔటైన ఆటగాణ్ణి ‘డకౌట్ అయ్యాడు’ అంటాం. బ్యాటు, బంతి, వికెట్లు తప్ప మరేమీ లేని చోట ఈ పక్షికి ఏం పని అని అడిగితే పిల్లలు నవ్వి ఊరుకుంటారు. జవాబు తేలికైనదే. స్కోరు పుస్తకంలో రాసిన సున్నా గుడ్డు ఆకారంలో ఉంటుంది కదా! అందుకే పందొమ్మిదో శతాబ్దంలో ఇంగ్లండు వారు ఆ సున్నాను ‘బాతుగుడ్డు’ అన్నారు. 1866లో అక్కడి యువరాజు పరుగు తీయకుండానే ఔటైతే, ఆయన బాతుగుడ్డు మీద తన డేరాకు తిరిగి వెళ్లారని ఒక పత్రిక సరదాగా రాసింది. కాలక్రమంలో మాట పొట్టిదైంది. గుడ్డు పోయి బాతు మిగిలింది.

ఆ బాతులోనూ రకాలున్నాయి. ఎదుర్కొన్న మొదటి బంతికే ఔటైతే ‘గోల్డెన్ డక్’, అంటే బంగారు బాతు. ఒక్క బంతి కూడా ఆడకుండా, అవతలి కొసన నిలబడి రనౌట్ అయిపోతే వజ్రపు బాతు. రెండు ఇన్నింగ్స్‌లోనూ సున్నాయే అయితే ‘పెయిర్’. రెండు సున్నాలను పక్కపక్కన పెడితే కళ్లజోడులా కనిపిస్తాయి కాబట్టి ఆ పేరు వచ్చింది. ఓడిపోయిన క్షణానికి ఇంత అందమైన పేర్లు పెట్టిన ఆట మరొకటి ఉందో లేదో!

ఉద్యోగరీత్యా రాష్ట్రాలు మారుతూ వచ్చిన మేము, ప్రతి చోటా పిల్లల నోట సున్నా పేరు ఏమిటో వింటూ వచ్చాం. తెలుగు పిల్లలు ‘గుడ్డు పెట్టాడు’ అంటారు, ‘గుండుసున్నా’ అంటారు. హిందీ మాట్లాడే చోట అది ‘అండా’. తమిళంలో ‘ముట్టై’. బెంగాలీలో ‘గోల్లా’. అక్కడ పరీక్షలో సున్నా వస్తే రసగుల్లా వచ్చిందని కూడా నవ్వుకుంటారు. అమెరికావాళ్లు ఆటలో సున్నాను పెద్దబాతు గుడ్డు అంటారు. ఒకరికొకరు తెలియని పిల్లలు ఒకే గుండ్రని గీతను చూసి ఒకే రకంగా నవ్వుకోవడం ముచ్చటైన విషయమే. మన పత్రికలు కూడా ‘ఖాతా తెరవలేదు’, ‘సున్నా చుట్టాడు’ అని రాస్తాయి. ఇళ్లలోనూ ఈ మాట తిరుగుతుంది. ఇంటర్వ్యూలో నెగ్గకపోయినా, కొత్త సినిమా ఆడకపోయినా ‘డకౌట్’ అనేస్తాం.

మైదానంలో ఈ నవ్వు వల్ల ఎవరికీ నష్టం లేదు. 1970ల చివరి నుంచి ఆస్ట్రేలియాలోని ఛానల్ నైన్ ప్రసారాల్లో, సున్నాకు ఔటైన ఆటగాడితో పాటు ఒక బొమ్మ బాతు కన్నీళ్లు కారుస్తూ తెర మీద నడిచి వెళ్లేది. చూసేవాళ్లు నవ్వేవారు. ఆటగాడు మరుసటి ఇన్నింగ్స్‌లో మళ్లీ వచ్చేవాడు. కాని అదే మాట తరగతి గదిలోకి వచ్చినప్పుడు ఏమవుతుందన్నదే మా ఆలోచన.

మన బడిలో చాలామంది ఏడాది మధ్యలో వస్తారు. నాన్నకో అమ్మకో బదిలీ ఉత్తర్వు జూన్ వరకు ఆగదు. ఆగస్టులోనో నవంబరులోనో కొత్త బల్ల, కొత్త స్నేహితులు, కొన్నిసార్లు కొత్త లిపి. ఇంట్లో తెలుగు చక్కగా మాట్లాడే పిల్లలు కూడా అస్సాంలోనో గుజరాత్‌లోనో చదువుకుని వస్తే, ‘స్వాతంత్ర్యం’ అన్న మాటను స్పష్టంగా పలుకుతారు గాని, రాయమంటే ఒత్తుల దగ్గర ఆగిపోతారు. మొదటి డిక్టేషన్‌లో పదికి సున్నా వస్తుంది. వెనక బల్ల నుంచి ‘అండా’ అని ఒక గొంతు వినిపిస్తుంది. తరగతి నవ్వుతుంది. నవ్విన వాళ్లు మర్నాటికి మరిచిపోతారు. ఆ పిల్లో పిల్లవాడో మాత్రం ఆ తర్వాత చెయ్యి ఎత్తరు. తప్పు రాస్తే మళ్లీ సున్నా, రాయకపోతే కనీసం ఎవరూ నవ్వరు అన్న లెక్క వారికి త్వరగా అర్థమవుతుంది. కాగితం ఖాళీగా ఇచ్చేస్తారు.

ఇక్కడే క్రికెట్ స్కోరు పట్టికను ఒకసారి జాగ్రత్తగా చూడమని కోరుతున్నాం. అందులో సున్నా ఒక్క రకంగా ఉండదు. బ్యాటింగ్‌కు రాని వారి పేరు ఎదుట ‘బ్యాటింగ్‌కు దిగలేదు’ అని ఉంటుంది, అది డక్ కాదు. క్రీజులో నిలబడి ఇంకా పరుగు తీయని వారి సున్నా పక్కన నాటౌట్ అని చెప్పే చిన్న నక్షత్రం ఉంటుంది, అదీ డక్ కాదు. మైదానంలోకి వచ్చి, పరుగు చేయకుండా ఔటైన వారికే డక్ వస్తుంది. అంటే డక్ అనేది ఆడిన వారి గుర్తు. ఏడాది మధ్యలో వచ్చిన విద్యార్థి సున్నా పక్కన మాత్రం నక్షత్రం ఉండాలి. వారి ఇన్నింగ్స్ ఇంకా నడుస్తోంది.

శ్రీలంక ఆటగాడు మార్వన్ అటపట్టు కథ మీలో కొందరికి తెలిసే ఉంటుంది. 1990లో చండీగఢ్‌లో భారత్‌తో ఆడిన తన మొదటి టెస్టులో రెండుసార్లూ సున్నాయే. రెండేళ్ల తర్వాత మళ్లీ అవకాశం వస్తే సున్నా, ఒకటి. 1994లో మూడోసారి, అహ్మదాబాద్‌లో మళ్లీ రెండు సున్నాలు. ఆరు ఇన్నింగ్స్‌లో ఒక్క పరుగు! అతణ్ణి ‘గుడ్డు’ అని పిలిచి అక్కడితో వదిలేసి ఉంటే కథ ముగిసేది. ఆ తర్వాత అతను టెస్టుల్లో 5,502 పరుగులు చేశాడు. 16 శతకాలు సాధించాడు. వాటిలో ఆరు ద్విశతకాలు. తన దేశపు జట్టుకు నాయకుడయ్యాడు. మొదటి ఆరు ఇన్నింగ్స్ చూసి ఈ లెక్క ఎవరూ చెప్పగలిగేవారు కాదు.

మీకు ఇంకా దగ్గరి ఉదాహరణ మిథాలీ రాజ్. తండ్రి భారత వైమానిక దళంలో పనిచేశారు. ఆమె జోధ్‌పూర్‌లో పుట్టి, హైదరాబాద్‌లో పెరిగి ఆట నేర్చుకున్నారు. 2002 జనవరిలో లక్నోలో ఇంగ్లండ్‌తో ఆడిన తొలి టెస్టులో ఆమె డకౌట్. అదే ఏడాది ఆగస్టులో అదే ఇంగ్లండ్ మీద, టాంటన్‌లో, 19 ఏళ్ల వయసులో 214 పరుగులు చేశారు. మహిళల టెస్టు క్రికెట్‌లో అప్పటికి అదే అత్యధిక వ్యక్తిగత స్కోరు. సున్నాకూ 214కూ మధ్య ఉన్నది ఏడు నెలలు. బదిలీ మీద వచ్చిన విద్యార్థికి ఒక విద్యాసంవత్సరంలో దొరికే సమయం కూడా దాదాపు అంతే.

ఇంగ్లండులో ప్రైమరీ క్లబ్ అని ఒక సంస్థ ఉంది. ఏ స్థాయి ఆటలోనైనా మొదటి బంతికే ఔటైన వారు అందులో సభ్యులు కావచ్చు. 1955లో కొందరు క్రికెట్ ఆటగాళ్లు దాన్ని సరదాగా మొదలుపెట్టారు. తర్వాత అది చూపు లేనివారి ఆటలకు విరాళాలు సేకరించే సంస్థగా ఎదిగింది. సిగ్గుపడవలసిన బాతును వాళ్లు సభ్యత్వపు గుర్తుగా మార్చుకున్నారు. ఒకే మాట ఒకచోట ఒకరిని ఒంటరిని చేస్తే, మరోచోట పదిమందిని కలుపుతోంది. మాట వాడేవారి మనసును బట్టి అది పనిచేస్తుంది.

బాతు మన కథల్లోనూ ఉంది. రోజుకో బంగారు గుడ్డు పెట్టే బాతు కథ మీరంతా చిన్నప్పుడు విన్నదే. ఆ ఇంటివాళ్లకు గుడ్లు చాలక కాదు, ఓపిక చాలక బాతును పోగొట్టుకున్నారు. 1843లో డెన్మార్క్ రచయిత ఆండర్సన్ రాసిన వికారపు బాతుపిల్ల కథలో, అన్నిటికన్నా పెద్ద గుడ్డు అన్నిటికన్నా ఆలస్యంగా పగులుతుంది. అందులోంచి వచ్చిన పిల్లను చూసి తక్కినవి ఎగతాళి చేస్తాయి. అది హంస అని చివరికి గాని తెలియదు. ఈ రెండు కథలూ తొందరపడవద్దనే చెబుతున్నాయి. మన భాషలో పక్షికి ‘ద్విజము’ అని ఒక పేరుంది. రెండుసార్లు పుట్టేది అని అర్థం. గుడ్డుగా ఒకసారి, గుడ్డులోంచి మరొకసారి. ఇంగ్లండు వారు సున్నాను గుడ్డు అన్నప్పుడు ఆకారాన్ని మాత్రమే చూశారు. సున్నా లోపల ఏమీ ఉండదు. గుడ్డు లోపల ప్రాణం ఉంటుంది.

‘ఇంత చిన్న సరదాకు ఇంత ఆలోచనా? కోడిగుడ్డు మీద ఈకలు పీకుతున్నారే!’ అని కొందరు అనవచ్చు. సున్నాను దాచమని మేము అనడం లేదు. 1948లో తన చివరి టెస్టు ఇన్నింగ్స్‌లో బ్రాడ్‌మన్ రెండో బంతికే సున్నాకు ఔటయ్యాడు. నాలుగు పరుగులు చేసి ఉంటే అతని సగటు వంద అయ్యేది. 99.94 దగ్గర ఆగింది. స్కోరు పుస్తకం ఆ సున్నాను దాచలేదు. కాని ఆ సున్నాతో బ్రాడ్‌మన్‌కు పేరు పెట్టనూ లేదు. సున్నా ఒక రోజు ఆటకు వచ్చిన అంకె. దాన్ని మనిషికి పేరుగా పెట్టడం మీదే మా అభ్యంతరం.

కాబట్టి ఉపాధ్యాయులకు మా సూచన ఇది. కొత్తగా వచ్చిన విద్యార్థి మొదటి పరీక్ష కాగితాన్ని తరగతి ముందు చదవవద్దు. మార్కు వేయండి, దాని పక్కన ఏ అక్షరం సరిగ్గా వచ్చిందో కూడా రాయండి. తల్లిదండ్రులు ‘ఎన్ని వచ్చాయి?’ అని అడిగే ముందు ‘ఎన్నిటికి ప్రయత్నించావు?’ అని అడగాలి. విద్యార్థులారా, ఈ ఏడాది మీరు పాతవాళ్లు. వచ్చే ఏడాది మరో ఊళ్లో మీరే కొత్తవాళ్లు. ‘గుడ్డు వచ్చి పిల్లను వెక్కిరించినట్టు’ అని సామెత. మొన్ననే పెంకు పగలగొట్టుకుని వచ్చినవారు, ఇంకా పెంకులో ఉన్నవారిని చూసి నవ్వడం దానికంటే విచిత్రం.

ఆటస్థలంలో డకౌట్ అని ఎంత గట్టిగానైనా అరవండి, ఆట అందుకే ఉంది. తరగతిలో మాత్రం కొత్త స్నేహితుడు ఒత్తు తప్పు రాస్తే, పక్కన కూర్చుని సరైన ఒత్తు రాసి చూపించండి.