కూడిక కాదు, హెచ్చవేత



రెండేండ్ల క్రిందట చిక్కపేట వర్తకుడొకాయన మా సంఘమునకు వచ్చి, "కార్యదర్శిగారూ, మీరు ఎన్ని రకాల పట్టుచీరలు ఇవ్వగలరు?" అని అడిగినాడు. అప్పుడు మా మగ్గములపై అంచుతో కూడిన పడుగులు రెండు రంగులవి ఉన్నవి. పేకకు ఆరు రంగుల పట్టు ఉన్నది. ఆ ఆరింటిలోనే మూడు రంగులు కొంగునకు వాడుచుంటిమి. నేను రెండును, ఆరును, మూడును కూడి "పదకొండు" అంటిని. చాలదని ఆయన వెళ్ళిపోయినాడు. నాలుగు మగ్గములకు రావలసిన పని చేజారినది.

ఆ రాత్రి ఇంట చెప్పగా, పదవ తరగతి చదువుచున్న మా అమ్మాయి, "నాన్నా, కూడకూడదు, గుణించాలి" అన్నది. మనము హెచ్చవేత అనునదే అది. రెండు పడుగులలో ఒక్కొక్కదానికి ఆరు పేకలు, అనగా 12. ఆ పన్నెండింటిలో ఒక్కొక్కదానికి మూడు కొంగులు, అనగా 36. లెక్క సరియే. కాని నేత ఎరిగినవాడను గనుక నేనొక సవరణ చేసితిని. చీర ఒడలికిని కొంగుకును ఒకే రంగు పేక వేసినచో కొంగు విడిగా కనబడదు. అట్టివి పడుగునకు మూడు చొప్పున ఆరు. అవి తీసివేయగా 30 నిలిచినవి.

దీనిని బడిపిల్లల లెక్క అని త్రోసివేయరాదు. సంఘముల సొమ్ము ఇందులోనే ఉన్నది. మూడవ రంగు పడుగు వేసినచో రకములు 45 అగును. ఏడవ రంగు పేక తెచ్చినచో 36 మాత్రమే. చూపునకు పడుగే మేలు. అయితే కొత్త పడుగునకు వేలకొలది పోగులు అతుకవలెను. అంతవరకు మగ్గము ఊరకుండును. ఆ రంగు అమ్ముడుపోకున్నను పడుగు ముగియువరకు అదే నేయవలెను. పేకకో, కొన్ని కండెలు చుట్టిన చాలును. నచ్చనిచో మరుసటి చీరకే మార్చవచ్చును. కనుక పడుగులు కొన్నిటినే చక్కగా ఎంచి, పేకలలోను కొంగులలోను మార్పు చూపుటయే చిన్న సంఘములకు క్షేమమని నా అభిప్రాయము.

మరమగ్గమునకు ఒకే రకమును ఎడతెగక దింపుటలో లాభము. చేతిమగ్గమునకు చీరచీరకు రంగు మార్చుటలో బలము. 1985 నాటి చట్టము కొన్ని రకముల వస్త్రములను చేనేతకే కేటాయించినది. మంచిదే. కాని మన చేతిలోని ఈ బలమును మనమే ఎరుగనిచో చట్టమొక్కటే కాపాడలేదు.

ఒక హెచ్చరిక. ముప్పది రకములును నేసి బీరువాలో పేర్చుమని నేను చెప్పుట లేదు. ముప్పదియు కాగితముపై వ్రాసి, వర్తకునికి చూపి, ఆయన కోరినవే నేయవలెను. రంగు మారినప్పుడెల్ల కండెలు చుట్టునది మన ఇంటి ఆడవారు. ఆ శ్రమకు కూలి కట్టకుండ రకములు పెంచుట న్యాయము కాదు. ధర నిర్ణయించునాడే దానిని కలుపవలెను.

అద్దకమునకు పట్టు పంపుటకు ముందు ప్రతి సంఘమువారును ఈ లెక్క ఒకసారి వేసి చూతురుగాక.

ఇట్లు,
ఒక చేనేత సహకార సంఘ కార్యదర్శి,
బెంగుళూరు