ఉత్తరం చదవలేని ఇల్లు

ఇల్లు విడిచినవారికి చివరకు మిగిలేదేమిటి? 1937లో అలీగఢ్‌లో జన్మించిన చిత్రకారిణి జరీనా హాష్మీకి మిగిలింది ఉర్దూ. దేశ విభజన తర్వాతి కాలంలో కుటుంబం పాకిస్తాన్ చేరింది. ఆమె న్యూయార్క్‌లో స్థిరపడ్డారు. 1999లో, ఇల్లే పరాయి చోటు అనే అర్థమిచ్చే పేరుతో 36 చిత్రాలు చెక్కపై చెక్కి అచ్చువేశారు. ఇల్లు, గడప, తలుపు వంటి మాటలను వాటిలో ఉర్దూ లిపిలోనే నిలిపారు. 2004లో అక్క ఉత్తరాలనే చిత్రాలుగా మలిచారు. 2020లో లండన్‌లో కన్నుమూశారు.

ఊరు కదలని మన తిరువూరు పిల్లలు మాత్రం నానీ రాసిన ఉత్తరం చదవలేకపోవడం చూస్తున్నాం. తెలుగు మనదే, అది బడిలో వస్తుంది. ఉర్దూ ఇంట్లోనే రావాలి. ఖురాన్ చదవడం నేర్చిన బిడ్డకు ఉర్దూ అక్షరాలు ఎంత దూరం? ఈ జుమా నుంచే రోజూ పావుగంట కూర్చోబెడదాం. లేదంటే సొంతింట్లోనే మన పిల్లలు పరదేశులవుతారు.