తెగిన కొండలు, ఎండే గెడ్డలు

పశ్చిమ కనుమలు తీరం వెంట దాదాపు తెగని గోడ. తూర్పు కనుమలు అలా కావు. మహానది, గోదావరి, కృష్ణ, పెన్న వాటిని ముక్కలుగా కోసుకుంటూ సముద్రం చేరతాయి. ఒడిశాలో 1501 మీటర్ల మహేంద్రగిరి, మన దక్షిణాన నల్లమల, శేషాచలం: అన్నీ ఈ శ్రేణివే. ఇలా తెగి ఉండటమే ఇప్పుడు వాటి ప్రాణం మీదికి వచ్చింది. ఒక కొండకు క్వారీ, ఇంకో కొండకు రోడ్డు, మరో కొండకు జలాశయం. ఏ అనుమతికి ఆ అనుమతే. మొత్తం శ్రేణికి ఏం జరుగుతోందన్న లెక్క మాత్రం ఎక్కడా తేలదు.

విశాఖ మన్యంలో గాలికొండ, రక్తకొండ, జెర్రెల కొండల నెత్తిన బాక్సైట్ పొర ఉంది. గుల్లగా ఉండే ఆ పొర వాననీటిని పీల్చుకుని మెల్లగా కిందికి వదులుతుంది. వాన వెలిశాక కూడా వాలుల్లో ఊటలు ఊరేది, గెడ్డలు పారేది దానివల్లే. అనంతగిరి కొండల్లో పుట్టిన గోస్తని బొర్రా గుహల గుండా సాగి తాటిపూడి జలాశయం చేరుతుంది. అక్కడి నుంచి విశాఖ నగరానికి తాగునీరు వస్తుంది. పైపొరను తవ్వేస్తే ముందు ఎండేది గిరిజనుల ఊట. ఆ తర్వాత నగరం కుళాయి.

మన్యం లాంటి షెడ్యూల్డ్ ప్రాంతాల్లో ప్రభుత్వ భూమిని సైతం ప్రైవేటు కంపెనీలకు గనుల లీజుకు ఇవ్వడం చెల్లదని 1997లో సమత అనే స్వచ్ఛంద సంస్థ వేసిన కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు ఎంతో కాపాడింది. అయినా బాక్సైట్ ప్రతిపాదన మళ్లీ మళ్లీ లేస్తూనే ఉంది. ఇప్పుడు అదే మన్యంలో పెదకోట, ఎర్రవరం వంటి చోట్ల, నీటిని పైకి తోడి విద్యుత్తును నిల్వ చేసే పంప్డ్ స్టోరేజీ ప్రాజెక్టులు వస్తున్నాయి. సౌర విద్యుత్తును నిల్వ చేసుకోవాల్సిన అవసరం నిజమే, కాదనలేం. కానీ కొండపైన ఒక జలాశయం, కింద మరొకటి, నడుమ సొరంగాలు అంటే ఆ వాలు, ఆ ఊటల దారి మారిపోతాయి.

పశ్చిమ కనుమల జీవావరణం గురించి కేంద్రం వేసిన గాడ్గిల్ కమిటీ 2011లోనే హెచ్చరించింది. ఆ నివేదికను పక్కన పెట్టారు. 2024 జులై 30న వయనాడ్‌లో ముండక్కై, చూరల్‌మల మీద కొండ విరుచుకుపడి వందల మంది చనిపోయారు. తూర్పు కనుమలకు అంతటి అధ్యయనం కూడా దక్కలేదు.

ఒడిశా, ఆంధ్ర, తెలంగాణ, తమిళనాడు కలిసి ఈ శ్రేణి మొత్తానికి ఒకే అధ్యయనం జరిపించాలి. అది తేలేదాకా కొత్త అనుమతులు ఆపాలి. గ్రామసభలు వద్దన్న చోట తవ్వకం మొదలుకాకూడదు.